విరిగింది దండచెయ్యి, చూడాల్సింది వేళ్లు

భుజానికీ మోచేతికీ మధ్య ఉండేది ఒకే ఒక్క ఎముక. పాఠ్యపుస్తకంలో దాని పేరు భుజాస్థి. ఊళ్లలో ఆ భాగాన్ని జబ్బ అంటారు, రెట్ట అంటారు, దండచెయ్యి అంటారు. ఈ పక్షం వచ్చిన ఉత్తరాల్లో ఆ ఎముక పై కొన, నడుము, కింది కొన మూడూ ఉన్నాయి. దాదాపు అందరూ అడిగింది ‘అతుకుతుందా’ అనే. ఈ ఎముక అతుక్కోవడానికి సాధారణంగా మొండికెయ్యదు. దాన్ని రాసుకుంటూ వెళ్లే నరాలూ, పక్కనే దిగే పెద్ద రక్తనాళమూ దెబ్బతింటేనే చెయ్యి పనికిరాకుండా పోతుంది. జవాబుల్లో వేళ్ల మాట మాటిమాటికీ వచ్చేది అందుకే.

ప్రశ్న: మా అమ్మకు 68 ఏళ్లు. స్నానాలగదిలో జారి కుడి భుజం మీద పడింది. ‘సర్జికల్ నెక్’ దగ్గర విరిగిందనీ, ఆపరేషన్ వద్దు, మెడకు వేలాడేసే స్లింగ్ చాలనీ చెప్పారు. నాలుగో రోజుకు నలుపు మోచేతి దాకా దిగింది. డబ్బుకు వెనకాడటం లేదు. ప్లేటు వేయిస్తే మంచిది కాదా డాక్టరు గారూ? (ఒంగోలు నుంచి ఒక కుమారుడు)

జవాబు: ముందు నలుపు సంగతి. విరిగిన చోట కారిన నెత్తురు చర్మం కింద జారుతూ మూడు నుంచి అయిదు రోజుల్లో మోచేతికీ, ఒక్కోసారి రొమ్ము పక్కకూ దిగుతుంది. చూడ్డానికి భయంగా ఉంటుంది గానీ అది కొత్త దెబ్బ కాదు. రెండు మూడు వారాల్లో పసుపుపచ్చగా మారి పోతుంది.

భుజాస్థి పైన బంతి, ఆ బంతి కింద కండరాలు పట్టుకునే రెండు బుడిపెలు, వాటి కింద ఎముక సన్నబడే మెడ ఉంటాయి. తరచూ విరిగే చోటు అదే. శస్త్రవైద్యులకు ఎక్కువగా పనిపెట్టేది కాబట్టి దానికా పేరు వచ్చింది. వయసు మీద పడ్డాక బంతి లోపల ఎముక డొల్లబారి గుడ్డుపెంకులా తయారవుతుంది. ప్లేటుకు కొట్టే స్క్రూలు పట్టు దొరకాల్సింది అందులోనే. పట్టు దొరక్కపోతే స్క్రూ మొన బంతిని చీల్చుకుని కీలులోకి వస్తుంది, అప్పుడు రెండో ఆపరేషన్ తప్పదు. మీరు డబ్బుకు వెనకాడకపోయినా డాక్టరు వెనకాడింది ఇందుకే.

ముక్కలు ఎంత జరిగాయో కొలవడానికి 1970లో చార్లెస్ నీర్ అనే అమెరికా సర్జన్ చెప్పిన లెక్కనే ఇప్పటికీ వాడుతున్నారు. ముక్క ఒక సెంటీమీటరుకు మించి జరిగినా, 45 డిగ్రీలకు మించి తిరిగినా స్థానం తప్పినట్టు. అలా స్థానం తప్పిన వాటికైనా ఆపరేషన్ వల్ల ఎంత మేలని బ్రిటన్‌లో 250 మందిని రెండేళ్లు గమనించారు. ఆపరేషన్ చేయించుకున్నవారికీ, స్లింగుతో సరిపెట్టుకున్నవారికీ చెయ్యి పనితీరులో చెప్పుకోదగ్గ తేడా కనపడలేదు. 2015లో ఆ ఫలితం వచ్చాక చాలామంది వైద్యులు కత్తి పక్కన పెట్టారు. బంతి నిలువునా చీలినా, కీలులోంచి తప్పిపోయినా, కింది ఎముకతో బొత్తిగా ఆనిక లేకపోయినా, చర్మం చిరిగి ఎముక బయటపడినా కథ వేరు. అప్పుడు ఆపరేషన్ కావాలి.

ఇక ఇంట్లో చెయ్యాల్సిన పని. మొదటి రెండు వారాలు వెల్లకిలా పడుకోబెట్టకండి. వాలు కుర్చీలో గానీ, మంచం మీద మూడు దిండ్లు ఆనించి గానీ సగం కూర్చున్నట్టు పడుకోవాలి. మోచేతి వెనక చిన్న దిండు పెట్టండి, లేకపోతే మోచెయ్యి వెనక్కి జారి నిద్దట్లో ప్రాణం లేచిపోతుంది. జాకెట్టు ముందు హుక్కులది, వదులుది కావాలి. దెబ్బ తగిలిన చెయ్యి ముందు తొడగాలి, విప్పేటప్పుడు ఆఖరున తియ్యాలి. చంకలో చెమట నిలిస్తే చర్మం ఒరుస్తుంది, రోజూ తుడిచి మెత్తటి పొడిగుడ్డ పెట్టండి. వేళ్లు, మణికట్టు, మోచెయ్యి మొదటి రోజు నుంచే ఆడించాలి. ఈ ఒక్కటీ చేయించకపోతే భుజం బాగుపడేసరికి వేళ్లు బిగుసుకుని కూర్చుంటాయి.

వారం పది రోజులకు మళ్లీ ఎక్స్‌రే తీసి ముక్క జరగలేదని తేలాక, డాక్టరు సరేనంటే, లోలకం వ్యాయామం మొదలెట్టాలి. మంచి చేత్తో బల్ల పట్టుకుని నడుము ముందుకు వంచి, దెబ్బ చెయ్యి నిలువుగా వేలాడనివ్వాలి. ఒళ్లు నెమ్మదిగా ఊపితే చెయ్యి దానంతటదే చిన్న సున్నాలు చుడుతుంది. కుడివైపు పది, ఎడమవైపు పది, రోజుకు నాలుగుసార్లు. చాలామంది ఇక్కడే తప్పు చేస్తారు. భుజం కండతో బలవంతాన తిప్పుతారు. అలా తిప్పితే విరిగిన చోట లాగుతుంది. చెయ్యి చంటిపిల్ల ఉయ్యాలలా ఊగాలి, దానికి సొంత ప్రయత్నం ఉండకూడదు. ఆరు వారాలకు గోడ మీద వేళ్లతో పాకిస్తూ పైకి ఎక్కించడం, మూడు నెలలకు బరువులు. ఏడాది దాకా మెరుగవుతూనే ఉంటుంది. చెయ్యి చెవికి ఆని నిటారుగా లేవకపోవచ్చు, కానీ జడ వేసుకోవడం, అన్నం కలుపుకోవడం, నడుము వెనక చీర సర్దుకోవడం చాలామందికి కుదురుతుంది.

భుజం బయటి వైపు, చొక్కా పొట్టి చేతి కుట్టు ఉండే చోట, దూదితో రాసి చూడండి. స్పర్శ లేకపోతే ఆ ఎముక మెడ వెనక చుట్టివచ్చే ఆగ్జిలరీ నరం నలిగినట్టు. ఎక్కువగా కొన్ని నెలల్లో దానంతటదే తేరుకుంటుంది, అయినా డాక్టరుకు చెప్పి రాయించండి.

ఇంకొక్క మాట. నిలబడ్డ ఎత్తు నుంచి పడితేనే ఎముక విరిగిందంటే ఎముకలు గుల్లబారాయని అర్థం. ఎముకల గట్టిదనం కొలిచే డెక్సా స్కాన్, విటమిన్ డి పరీక్ష చేయించి మందు మొదలెట్టించండి. భుజం అతకగానే ఆ సంగతి మరిచిపోతారు. అదే స్నానాలగదిలో మళ్లీ పడితే ఈసారి విరిగేది తుంటి.

ప్రశ్న: నాకు 34. బండి స్కిడ్డయి దండచెయ్యి మధ్యలో విరిగింది, చర్మం చిరగలేదు. అప్పటి నుంచి మణికట్టు వేలాడిపోతోంది, వేళ్లు చాపలేకపోతున్నాను. పిడికిలి మాత్రం పడుతుంది. నరం తెగిందా? వెంటనే తెరిచి కుట్టాలా? (హనుమకొండ నుంచి)

జవాబు: దండకడియం పెట్టే చోటును తలుచుకోండి. సరిగ్గా ఆ ఎత్తులో ఎముక వెనక భాగాన లోపలి నుంచి బయటికి ఏటవాలుగా ఒక గాడి ఉంటుంది. రేడియల్ నరం ఆ దారినే, ఎముకకు ఆనుకునే దిగుతుంది. మణికట్టునూ వేళ్లనూ బొటనవేలినీ పైకి ఎత్తే కండరాలకు ఆజ్ఞ వెళ్లేది దీని ద్వారానే. బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య, చేతి వెనక చర్మం మొద్దుబారి ఉండాలి, చూసుకోండి. ఎముక ఇక్కడ విరిగినవాళ్లలో దాదాపు పదిమందికి ఒకరిలో ఈ నరం పనిచెయ్యదు. చర్మం చిరగని విరుపుల్లో అది తెగడం అరుదు, సాగడమో కందడమో ఎక్కువ. ఎక్కువమందిలో ఏ కత్తీ పడకుండానే తిరిగొస్తుంది. కాబట్టి తొందరపడి తెరిపించకండి.

తెరవాల్సిన సందర్భాలు వేరు. ఎముక చర్మాన్ని చీల్చుకుని వచ్చినప్పుడు, కత్తివేటులాంటి గాయం ఉన్నప్పుడు, రక్తనాళం కూడా తెగినప్పుడు, లేదా వేరే కారణంతో ప్లేటు వెయ్యక తప్పనప్పుడు. మొదట వేళ్లు బాగా ఆడి, ఎముక సరిచేసిన తరువాత పడిపోతే అది కూడా సర్జన్ కూర్చుని ఆలోచించాల్సిన విషయమే.

నరం లోపల తీగ తెగి మళ్లీ పెరగాల్సి వస్తే రోజుకు ఒక మిల్లీమీటరు చొప్పున పెరుగుతుంది. దండచెయ్యి నడుము నుంచి మోచేతి దగ్గరి మొదటి కండరానికి పది పన్నెండు సెంటీమీటర్ల దూరం వేసుకుంటే మూడు నాలుగు నెలలు. అందుకే అన్నాళ్లు ఆగమంటారు, అది నిర్లక్ష్యం కాదు. తిరిగొచ్చే వరస కూడా తెలుసుకోండి. మోచెయ్యి సగం మడిచి, బొటనవేలు పైకి ఉంచి, ఎవరినైనా మణికట్టు కిందికి నొక్కమని మీరు పైకి ఎత్తబోతే ముంజేతి మీద ఒక తాడులాంటి కండ లేస్తుంది. మొదట కదిలేది అదే. తరువాత మణికట్టు, ఆ తరువాత వేళ్లు, అన్నిటికంటే ఆఖరున బొటనవేలు. నరాల పరీక్ష మూడు వారాలు నిండకముందు చేయిస్తే డబ్బు దండగ, నరం చచ్చిన ఆనవాళ్లు కండరంలో కనపడటానికే ఆ సమయం పడుతుంది. నాలుగు నెలలకూ ఏ కదలికా లేకపోతే అప్పుడు తెరిచి చూస్తారు. ఏడాది దాటినా రాకపోతే పనిచేసే మరో కండరం స్నాయువును, అంటే దాన్ని ఎముకకు కట్టే తాడును, మళ్లించి మణికట్టును లేపే ఆపరేషన్ ఉంది, ఫలితం బాగుంటుంది. కాబట్టి చెయ్యి పోయిందని దిగులుపడకండి.

ఈలోపు మీ పని ఒకటుంది. మణికట్టును కాస్త పైకి, 30 డిగ్రీలు ఎత్తి ఉంచే కాక్-అప్ స్ప్లింట్ కట్టుకోవాలి. రెండో చేత్తో ప్రతి వేలినీ, మణికట్టునూ పూర్తిగా వెనక్కి చాపాలి, పదేసిసార్లు, రోజుకు అయిదు విడతలు. నరం తిరిగొచ్చినా వేళ్ల కీళ్లు బిగుసుకుపోయి ఉంటే అది చేసేదేమీ లేదు.

ఎముక విషయానికొస్తే, 1977లో అగస్టో సర్మియెంతో అనే సర్జన్ ప్రచారంలోకి తెచ్చిన బ్రేసు చాలామందికి సరిపోతుంది. మొదట వారం పది రోజులు యూ ఆకారపు పిండికట్టు, వాపు తగ్గాక రెండు ప్లాస్టిక్ చిప్పలు వెల్‌క్రోతో బిగించే బ్రేసు. చిప్పలు కండను చుట్టూ నొక్కితే కండ ఎముకను నొక్కుతుంది, చెయ్యి బరువు దాన్ని నిటారుగా లాగుతుంది. ఈ ఎముక ముందువెనకలకు 20 డిగ్రీలు, పక్కకు 30 డిగ్రీలు వంకర అతికినా, మూడు సెంటీమీటర్ల దాకా పొట్టిదైనా పని ఆగదు. పైన భుజం అన్ని వైపులా తిరిగే కీలు కాబట్టి ఆ లోటు అది పూడుస్తుంది. కాలి ఎముకలో ఇంత వంకర ఎవరూ ఒప్పుకోరు.

బ్రేసు చెడేది ఒక చిన్న అలవాటుతో. కుర్చీ చేతి మీదో, దిండు మీదో మోచెయ్యి ఆనిస్తారు. అలా ఆనించగానే కింది ముక్క పైకి తోసుకుని విరిగిన చోట బయటికి వంగుతుంది. మోచెయ్యి ఎప్పుడూ దేనికీ ఆనకుండా వేలాడాలి, స్లింగు మణికట్టును మాత్రమే మొయ్యాలి. వాపు తగ్గేకొద్దీ పట్టీలు రోజూ బిగించుకోండి. ఎముక గట్టిపడటానికి పది పన్నెండు వారాలు. ఆరు వారాలకూ విరిగిన చోట టకటకా కదులుతుంటే బ్రేసు మీద ఆశ తగ్గించుకుని ఆపరేషన్ మాట అడగండి.

ప్రశ్న: హాస్టల్లో బల్ల మీద మోచేతులు ఆనించి చెయ్యి వంచే పందెం ఆడుతుంటే మా వాడి దండచెయ్యి ఫట్‌మని విరిగింది. ఎముకలో రోగమేమైనా ఉందా? (తెనాలి నుంచి)

జవాబు: వయసులో ఉన్న, ఆరోగ్యంగా ఉన్న ఎముక కూడా ఈ ఆటలో విరుగుతుంది. మోచెయ్యి బల్లకు అతుక్కుని ఉంటుంది, ముంజేతిని అవతలివాడు ఒకవైపు తోస్తాడు, భుజం కండలు ఇంకోవైపు తిప్పుతాయి. తడిగుడ్డ పిండినట్టే ఎముక మెలితిరుగుతుంది. కింది మూడో భాగంలో మరమేకు చుట్టులా ఏటవాలుగా పగులుతుంది. ఓడిపోయేటప్పుడు ఒళ్లు అవతలికి తిప్పి, చెయ్యి వెనక ఉండిపోయిన క్షణమే అసలు ప్రమాదం. ఛాతీ ఎప్పుడూ తన పిడికిలికి ఎదురుగా ఉండాలి. రేడియల్ నరం వెనక నుంచి ముందుకు ఒక గట్టి పొరను చీల్చుకుని వచ్చేది కూడా ఆ కింది భాగంలోనే. అక్కడ దానికి పక్కకు తప్పుకునే చోటు లేదు. హోల్‌స్టీన్, లూయిస్ అనే ఇద్దరు వైద్యులు 1963లో ఈ విరుపునూ ఈ నరాన్నీ కలిపి రాశారు. కాబట్టి మణికట్టు ఎత్తగలుగుతున్నాడో లేదో ఇవాళే చూడండి.

అయితే ఎనిమిది పదేళ్ల పిల్లవాడికి ఉత్త బంతి విసిరితేనే, అదీ భుజానికి దగ్గరగా విరిగితే మాత్రం ఎక్స్‌రేను శ్రద్ధగా చూడమనండి. అక్కడ నీటితిత్తులు ఏర్పడతాయి. పగిలిన పెంకు ముక్క తిత్తి నీటిలో అడుక్కి రాలిన ఆకులా కనపడుతుంది. అది కాన్సరు కాదు, కానీ అతికాక కూడా గమనిస్తూ ఉండాలి.

ప్రశ్న: మా ఆరేళ్ల బాబు జామచెట్టు మీంచి పడ్డాడు. మోచేతికి పైన విరిగి బాగా వాచింది. ఆ రాత్రికే తీగలు వెయ్యాలన్నారు. ఇంట్లో పెద్దవాళ్లు చిన్నపిల్లాడికి ఆపరేషన్ ఎందుకు, పుత్తూరు తీసుకెళ్లి కట్టు కట్టిద్దాం అంటున్నారు. మీ అభిప్రాయం? (మదనపల్లె నుంచి ఒక తల్లి)

జవాబు: అమ్మా, ఈ సంచికలో అన్నిటికంటే తొందర పడాల్సింది మీ విషయంలోనే.

మోచేతి పైన భుజాస్థి వెడల్పై, పలచబడి ఉంటుంది. చెయ్యి మడిచినప్పుడూ చాపినప్పుడూ ముంజేతి ఎముక కొనలు దూరడానికి ముందొక గుంట, వెనకొక గుంట. రెండు గుంటల మధ్య మిగిలిన ఎముక అప్పడమంత మందం. పిల్లలు పడేటప్పుడు చెయ్యి చాచి నేల మీద ఆనిస్తారు, మోచెయ్యి వెనక్కి విరుచుకుంటుంది, ముంజేతి ఎముక కొన వెనక గుంటలో గునపంలా పనిచేసి ఆ అప్పడాన్ని పగలగొడుతుంది. అయిదు నుంచి ఎనిమిదేళ్ల మధ్య ఎక్కువ. పైముక్క పదునైన అంచు ముందుకు పొడుచుకొస్తుంది. సరిగ్గా అక్కడే చేతికి నెత్తురు తెచ్చే పెద్ద ధమనీ, మీడియన్ నరమూ ఉన్నాయి.

గార్ట్‌లండ్ అనే సర్జన్ 1959లో దీన్ని మూడు రకాలుగా విడగొట్టారు. మొదటిది ఉత్త పగులు, మూడు వారాల పిండికట్టు చాలు. రెండోది వెనక్కి వంగింది గానీ వెనక పెంకు ఇంకా పట్టుకుని ఉంది. మూడోది పూర్తిగా విడిపోయింది. తీగలన్నారంటే మీ బాబుది మూడోది గానీ, బాగా వంగిన రెండోది గానీ అయ్యుండాలి. మత్తు ఇచ్చి, కొయ్యకుండా, ఎక్స్‌రే తెర మీద చూస్తూ ఎముకను సరిచేసి రెండో మూడో సన్నటి స్టీలు తీగలు చర్మం లోంచి గుచ్చుతారు. మూడు నాలుగు వారాలకు అవుట్‌పేషెంట్ గదిలోనే లాగేస్తారు. తీగలు లేకుండా ఉత్త కట్టుతో ఆ ఎముకను స్థానంలో నిలపాలంటే మోచేతిని బాగా మడిచి కట్టాలి. వాచిన మోచేతిని అలా మడిస్తే ధమని నొక్కుకుపోతుంది. తీగలు వచ్చింది పిల్లాణ్ణి కొయ్యడానికి కాదు, అలా మడవాల్సిన అవసరం లేకుండా చెయ్యడానికి.

పుత్తూరు కట్టు మీద మీ పెద్దలకున్న నమ్మకాన్ని తీసిపారెయ్యను. కోడిగుడ్డు తెల్లసొన, ఆకు పసరు, వెదురు బద్దలతో కట్టే ఆ కట్టు ఎండాక గట్టిపడుతుంది. స్థానం తప్పని పగుళ్లు కదలకుండా ఉంటే అతుకుతాయి. కానీ పిల్లల మోచేతి విషయంలో ఎవరు కట్టారన్నది లెక్కలోకి రాదు. వాపు పెరిగే మొదటి రెండు రోజుల్లో చుట్టూ బిగిసే ఏ కట్టయినా, ఆస్పత్రిలో వేసిన నిండు పిండికట్టయినా సరే, లోపల నెత్తురు ఆపెయ్యగలదు. నెత్తురు అందని కండ ఆరు గంటలు దాటాక చావడం మొదలవుతుంది. చచ్చిన కండ ముడుచుకుపోయి వేళ్లు గద్దగోళ్లలా వంగి జన్మంతా అలాగే ఉండిపోతాయి. ఫోల్క్‌మన్ అనే జర్మన్ వైద్యుడు 1881లోనే దీన్ని బిగుతు కట్లకు ముడిపెట్టి రాశాడు. నూట నలభై ఏళ్లయినా మన ఊళ్లలో ఇంకా జరుగుతోంది, అదే బాధ. ఈ పిల్లాడి చేతిని గంటల ప్రయాణం చేయించకండి. దగ్గర్లో ఎముకల డాక్టరు, మత్తు డాక్టరు ఇద్దరూ ఉన్న ఆస్పత్రికే తీసుకెళ్లండి.

తీసుకెళ్లేటప్పుడు చెయ్యి ఏ వంపులో ఉంటే ఆ వంపులోనే, మడత పెట్టిన న్యూస్‌పేపరో అట్టముక్కో కింద ఆనించి వదులుగా గుడ్డ చుట్టండి. చాపబోవద్దు, మడవబోవద్దు, నూనె రాయొద్దు. ఏడుపు ఆపడానికి బిస్కట్టో పాలో ఇవ్వడం సహజమే, కానీ ఇవ్వకండి. ఘనాహారం తిన్న ఆరు గంటలకు గానీ మత్తు ఇవ్వడం క్షేమం కాదు.

నరాలు పరీక్షించడానికి పిల్లలకు తెలిసిన ఆటే ఉంది. రాయి, కాగితం, కత్తెర. పిడికిలి బిగిస్తే మీడియన్ నరం, అరచెయ్యి, వేళ్లు వెనక్కి చాపితే రేడియల్, రెండు వేళ్లు ఎడం చేస్తే అల్నార్ పనిచేస్తున్నట్టు. చివర్లో బొటనవేలి కొనా చూపుడువేలి కొనా కలిపి గుండ్రటి సున్నా పెట్టమనండి. సున్నా చప్పగా, కోడిగుడ్డు నొక్కినట్టు వస్తే మీడియన్ నరం లోపలి కొమ్మ దెబ్బతింది. ఈ దెబ్బలో తరచూ నలిగేది అదే. ఇది ఆపరేషన్‌కు ముందే చూసి రాసిపెట్టాలి, లేకపోతే తరువాత ఆపరేషన్‌లో పోయిందని గొడవ. గోరు నొక్కి వదిలితే రెండు సెకన్లలో గులాబి రంగు తిరిగి రావాలి.

తీగలు వేశాక మొదటి రెండు రాత్రులు మీరు మేలుకుని ఉండాలి. నొప్పి రోజుకు రోజు తగ్గాలి. మందు వేసినా ఏడుపు పెరుగుతుంటే, మళ్లీ మళ్లీ మందు అడుగుతుంటే, మీరు వేళ్లు మెల్లగా చాపగానే కెవ్వుమంటే తెల్లారేదాకా ఆగకండి. నాడి దొరుకుతోంది కదా అని నర్సు అన్నా ఊరుకోకండి, లోపల కండ నలుగుతున్నా నాడి చాలాసేపు కొట్టుకుంటూనే ఉంటుంది. కట్టు మొత్తం, లోపలి దూది సహా, చర్మం కనపడేదాకా విప్పమని గట్టిగా అడగండి. అడగడం మీ హక్కు.

తీగలు తీశాక మోచెయ్యి బిగుసుకుని ఉంటుంది. మాలిష్ చేయించకండి, బలవంతాన చాపించకండి. అలా చేస్తే నలిగిన కండలో సున్నం పేరుకుని కొత్త ఎముక పుడుతుంది, ఉన్న కదలిక కూడా పోతుంది. బాబును ఆడుకోనివ్వండి, కొన్ని నెలల్లో ఆటే దాన్ని సాగదీస్తుంది.

వంకర అతికితే ఎదిగేకొద్దీ సరిపోతుందని ఎవరైనా అంటారు. భుజాస్థి పొడుగులో సుమారు 80 శాతం పై కొన నుంచి పెరుగుతుంది, కింది కొన వాటా 20. అందుకే భుజం దగ్గరి వంకర పిల్లల్లో సర్దుకుంటుంది, మోచేతి దగ్గర లోపలికి వంగినది సర్దుకోదు. దాన్ని తరువాత ఎముక కోసి సరిచెయ్యాల్సిందే.

ప్రశ్న: మోచెయ్యి తలుపుకు తగిలితే కరెంటు కొట్టినట్టు చిటికెనవేలి దాకా జివ్వుమంటుంది. ఎముకలో లోపమా? (ఇంటర్ విద్యార్థిని, నల్గొండ)

జవాబు: లోపం కాదు. మోచేతి లోపలివైపు తగిలే బుడిపె భుజాస్థిదే. దాని వెనక గాడిలో అల్నార్ నరం పైన చర్మం తప్ప మరే కప్పూ లేకుండా వెళుతుంది. తగిలింది ఎముకకు కాదు, ఆ నరానికి. చిటికెనవేలు, ఉంగరపువేలిలో సగం దాని రాజ్యం. దెబ్బ తగలకుండానే ఆ తిమ్మిరి రోజూ వస్తుంటే, ఫోను చెవికి ఆనించి మోచెయ్యి గంటలకొద్దీ మడవడం, బల్ల అంచున ఆనించి చదవడం మానేసి చూడండి.

ప్రశ్న: పొలంలో మోటారు స్టార్టరు దగ్గర షాక్ కొట్టి విసిరేసింది. అప్పటి నుంచి మా నాన్న కుడి చెయ్యి పొట్టకు అతుక్కుపోయినట్టుంది. ఎక్స్‌రే బాగానే ఉందన్నారు. మూడో వారం, ఫిజియోథెరపీ చేయిస్తున్నా లాభం లేదు. (సిరిసిల్ల నుంచి)

జవాబు: ఫిజియోథెరపీ ఇవాళ్టితో ఆపండి. షాకులోనూ మూర్ఛలోనూ కండలన్నీ ఒక్కసారిగా బిగుసుకుంటాయి. భుజాన్ని లోపలికి తిప్పే కండలు బయటికి తిప్పే వాటికంటే బలమైనవి కాబట్టి భుజాస్థి బంతి తాను కూర్చునే గిన్నెలోంచి వెనక్కి తప్పిపోతుంది. మామూలుగా భుజం ముందుకు తప్పుతుంది, ఆకారమే మారిపోయి ఎవరైనా కనిపెడతారు. వెనక్కి తప్పితే ముందు నుంచి తీసిన ఎక్స్‌రేలో అంతా చోటులోనే ఉన్నట్టు కనపడుతుంది. అందుకే ఎవరి కంటా పడదు. ఆ ఎక్స్‌రేను మళ్లీ చూడండి, బంతి చేతికర్ర వంపులా కాకుండా కరెంటు బల్బులా గుండ్రంగా ఉంటుంది.

ఇంట్లోనే పరీక్ష చెయ్యొచ్చు. మోచెయ్యి పక్కకు ఆనించి, 90 డిగ్రీలు మడిచి, ముంజేతిని తలుపు తెరిచినట్టు బయటికి తిప్పమనండి. మీరు పట్టుకుని తిప్పినా రాకుండా లోపల గోడకు తగిలినట్టు ఆగిపోతే అనుమానం బలపడుతుంది. చంక వైపు నుంచి ఎక్స్‌రే గానీ, సీటీ స్కాన్ గానీ తీయించండి. బంతి ముందు భాగం గిన్నె అంచుకు ఒత్తుకుని సొట్ట పడుతుంది. సొట్ట చిన్నదై, మూడు వారాల లోపయితే మత్తు ఇచ్చి సరిచేసే అవకాశం ఉంటుంది. రోజులు గడిచేకొద్దీ తెరవాల్సి వస్తుంది. సొట్ట బంతిలో సగానికి చేరితే కృత్రిమ కీలు తప్ప దారి ఉండదు. ఈ వారమే వెళ్లండి, రెండో భుజాన్నీ చూపించండి. షాకులో రెండూ తప్పినవాళ్లున్నారు.

ప్రశ్న: దండచెయ్యి విరిగి ఆపరేషన్ అయింది. చీము పడుతుందని పప్పు, గుడ్డు పెట్టడం లేదు. నల్లేరు తింటే త్వరగా అతుకుతుందా? (భీమవరం నుంచి)

జవాబు: పప్పుతో చీము పట్టదు. చీముకు కారణం సూక్ష్మక్రిములు. గాయం మానడానికీ, ఎముక అల్లుకోవడానికీ కావాల్సింది మాంసకృత్తులే, మీరు సరిగ్గా వాటినే మానేశారు. కిలో బరువుకు రోజుకు ఒక గ్రాము, ఇంకొంచెం ఎక్కువైనా మంచిదే. పప్పు, గుడ్డు, చేప, పెరుగు ఇవాళ్టి నుంచే మొదలెట్టండి. పెద్దవాళ్లకు రోజుకు 1000 మిల్లీగ్రాముల కాల్షియం కావాలని హైదరాబాదులోని జాతీయ పోషకాహార సంస్థ లెక్క. పావులీటరు పాలలో సుమారు 300, వంద గ్రాముల రాగిపిండిలో 350 దాకా ఉంటుంది. అన్నంలో నువ్వులపొడి ఒక పెద్ద చెంచా కలుపుకుంటే ఇంకో వంద దాకా చేరుతుంది.

నల్లేరు లేత కణుపులు నారతీసి, చేతులకు నూనె రాసుకుని, దోరగా వేయించి చింతపండుతో నూరితే మంచి పచ్చడి. పచ్చిగా తింటే గొంతు దురద. కూరలా తినండి, కట్టుకూ మందుకూ బదులుగా కాదు. విటమిన్ డి 60,000 యూనిట్ల పొట్లం డాక్టరు చెప్పిన వారాలే వాడాలి, ఇష్టమొచ్చినన్నాళ్లు వాడితే నెత్తురులో కాల్షియం పెరిగి మూత్రపిండాలకు చేటు. సిగరెట్టు, చుట్ట, గుట్కా ఏదైనా సరే ఎముక అతకడాన్ని ఆలస్యం చేస్తుంది. అతక్కుండా నెలలు గడిచిన దండచేతుల వెనక పొగాకు తరచూ కనపడుతుంది.

ప్రశ్న: మూడేళ్ల క్రితం విజయవాడలో దండచేతికి ప్లేటు వేశారు. ఇప్పుడు డాలస్‌లో ఉంటున్నాను. నొప్పి లేదు. లోహం ఒంట్లో ఉండటం మంచిది కాదని అందరూ అంటున్నారు. సెలవుల్లో ఇండియా వచ్చినప్పుడు తీయించుకోనా?

జవాబు: నొప్పి లేకపోతే తీయించుకోకండి. ఆ స్టీలు, టైటానియం ఒంట్లో ఏళ్ల తరబడి ఉండేందుకే చేసినవి. ఎమ్మారై తీయించుకోవాల్సి వస్తే ముందుగా చెబితే చాలు, ఎక్కువ ప్లేట్లకు ఇబ్బంది ఉండదు. విమానాశ్రయంలో మోగితే మచ్చ చూపించి చెప్పండి.

చీము పట్టినా, స్క్రూ వదులై చర్మం కింద గుచ్చుకుంటున్నా తియ్యాల్సిందే. ఊరికే తియ్యడం మాత్రం ఈ ఎముకలో కాలి ఎముకలో తీసినంత తేలిక కాదు. వెనక నుంచి వేసిన ప్లేటయితే రేడియల్ నరం దాని మీదుగా అడ్డంగా దాటుతుంది. మొదటిసారి ఆ నరం మెత్తగా, తెల్లటి తాడులా విడిగా కనపడుతుంది. మూడేళ్లకు అది మచ్చకండలో పూడుకుపోయి, ఏది నరమో ఏది మచ్చో తెలియకుండా అతుక్కుని ఉంటుంది. బాగున్న మణికట్టు వేలాడిపోయే ప్రమాదం రెండోసారే ఎక్కువ. తీశాక స్క్రూల రంధ్రాలు పూడటానికి రెండు మూడు నెలలు, అందాకా ఎముక అక్కడ బలహీనం. సెలవులు అయిపోయి పెట్టె మోసుకుంటూ విమానం ఎక్కే రోజులు సరిగ్గా అవే.

ఇప్పుడు చెయ్యాల్సిందల్లా మీ ఆపరేషన్ నోటు తెప్పించుకోవడం. శ్రద్ధ ఉన్న సర్జన్ అందులో ఒక వాక్యం రాస్తాడు, నరం ప్లేటు మీద పై నుంచి ఎన్నో రంధ్రం దగ్గర దాటుతోందో. ఎప్పుడైనా ఆ ప్లేటు తియ్యక తప్పని రోజు వస్తే, అక్కడ కత్తి పట్టుకునే వైద్యుడికి అన్నిటికంటే ముందు కావాల్సింది ఆ వాక్యమే. ఎక్స్‌రేలతో పాటు ఫోనులో కూడా ఫోటో తీసి ఉంచుకోండి.